చేతితో గీచిన నాదము
నార్మన్ మెక్‌లారెన్ చరిత్రము

కళవలన లోకమునకు కలుగు మేలేమి? ఈ ప్రశ్న సంస్కరణాభిమానులగు గృహస్థులలో తరచుగా వినవచ్చుచుండును. ఆకలిగొన్నవానికి అన్నము, చదువురానివానికి అక్షరము, రోగికి మందు కావలసియుండగా, తెరమీద రంగుచుక్కలను గంతులు వేయించువాని శ్రమ యెందులకని వారందురు. ప్రశ్న న్యాయమైనదే. నేనును పెక్కేండ్లుగా బడిపంతులనై యుండి, ఈ ప్రశ్ననే పిల్లలమీద బెత్తమువలె ప్రయోగించినవాడను.

ఒకనాడు నేను తరగతిలో సంస్కృత శబ్దములు వల్లె వేయించుచుండగా, వెనుక బల్లమీది బాలుడొకడు తన నోటుపుస్తకపు మూలలందు పుటకొకటి చొప్పున చిన్న మనుష్యుని బొమ్మ గీచి, పుటలను బొటనవ్రేలితో జరజర విడిచి, ఆ మనుష్యుని పరుగెత్తించుచుండెను. నేనా పుస్తకమును లాగుకొని, “ఇది చదువా, ఆటా?” యని మందలించితిని. బాలుడు మారుపలుకక తల వంచుకొనెను. కొంతకాలమునకు నార్మన్ మెక్‌లారెన్ అను చలనచిత్రకారుని చరిత్రము చదువుట తటస్థించినది. అప్పుడు గాని నా ప్రశ్నలోని లోపము నాకు తెలియరాలేదు. ఆ చరిత్రమునే ఇచ్చట సంగ్రహముగా వ్రాయుచున్నాను.

మెక్‌లారెన్ 1914వ సంవత్సరము ఏప్రిల్ 11వ తేదీన స్కాట్లండులోని స్టిర్లింగు పట్టణమున జన్మించెను. 1932లో గ్లాస్గో నగరపు చిత్రకళాశాలలో చేరెను. అచ్చటనే అతనికి చలనచిత్రములమీద మక్కువ కలిగినది. కాని కెమేరా సులభముగా చేతికి దొరకని దినములవి. మరియొకడైనచో కెమేరా దొరకువరకు వేచియుండును, లేదా కోరికను విడిచిపెట్టును. ఈ యువకుడు వాడిపారవేసిన పాత ఫిల్మును సంపాదించి, దానిమీది పూతను నీట నానబెట్టి కడిగివేసి, ఆ తేటయైన పట్టీమీద కుంచెతోను రంగుసిరాలతోను నేరుగా బొమ్మలు వేయసాగెను. కెమేరా లేకుండ సినిమా తీయుట యను అతని జీవితవ్రతమునకు ఇట్లు లేమియే గురువైనది.

ఆ దినములలోనే గ్లాస్గో ఫిల్ము సంఘమువారు ప్రదర్శించిన ఒక చిన్న చిత్రము నతడు చూచెను. అది ఆస్కార్ ఫిషింగర్ అను జర్మను కళావేత్త కృతి. అందు కథ లేదు, నటులు లేరు. బ్రామ్స్ అను సంగీతకర్త నృత్యగీతమునకు లయతప్పక, నల్లని తెరమీద తెల్లని ఆకారములు ఎగసిపడుచు, సాగుచు, మాయమగుచుండును, అంతియే. సంగీతము వినుచున్నప్పుడు తన మనస్సులో మెదలు రూపములను తెరమీదికి తెచ్చుట సాధ్యమేనని మెక్‌లారెనుకు ఆనాడు రూఢియైనది.

ఐనను అతడు కేవలము రంగులలో మునిగి లోకమును మరచినవాడు కాడు. 1936లో హెలెన్ బిగ్గర్ అను శిల్పకారిణితో కలిసి ఆయుధవ్యాపారమును ఖండించుచు ‘హెల్ అన్‌లిమిటెడ్’ అను చిత్రమును తీసెను. ఆ యేడే అంతర్యుద్ధముచే తగులబడుచున్న స్పెయినుకు ఛాయాగ్రాహకుడుగా వెళ్లి, ‘డిఫెన్స్ ఆఫ్ మాడ్రిడ్’ అను చిత్రమునకు పనిచేసెను. ఇరువదిరెండేండ్ల ప్రాయమున యుద్ధమును కన్నులార చూచిన ఆ అనుభవము తరువాతి చరిత్రలో మిక్కిలి ముఖ్యమైనది గాన పాఠకులు దీనిని జ్ఞాపకముంచుకొందురు గాక.

వాస్తవజీవన చిత్రములకు ఆచార్యుడని పేరొందిన జాన్ గ్రియర్సన్ ఈ యువకుని ప్రజ్ఞను గుర్తించి లండనులోని తపాలాశాఖవారి ఫిల్ము విభాగములోనికి పిలిచెను. న్యూజీలాండు దేశీయుడగు లెన్ లై కూడ ఆ విభాగమునకే పనిచేసి, ఫిల్ముమీద నేరుగా రంగులు వేసి 1935లో ‘ఎ కలర్ బాక్స్’ అను చిత్రమును రచించియుండెను. తపాలాకచ్చేరి వంటి శుష్కమైన ప్రభుత్వశాఖ నీడలో ఇట్టి సాహసములు చిగిర్చుట ఆలోచింపదగిన విషయము.

ఇక మెక్‌లారెన్ చేసిన పనులలో మిక్కిలి విచిత్రమైన దానిని వివరింపవలెను. దానికి ముందుగా టాకీ మాటలాడు విధమును కొంచెము తెలిసికొనుట అవసరము. ఈ కాలమున సినిమాశాలలలో ఫిల్ము దాదాపుగా మాయమైనది గాన, నేటి పిల్లలకిది పురాణకథవలె తోచవచ్చును. 35 మిల్లీమీటర్ల వెడల్పుగల ఫిల్ముపట్టీ మీద వరుసగా చిన్న చిన్న బొమ్మలుండును. ఒక్కొక్క బొమ్మను ఫ్రేమందురు. సెకనునకు 24 ఫ్రేములు దీపము ముందు సాగిపోవును. ఈ బొమ్మల ప్రక్కగా అంచువెంట సన్నని బాటయొకటి యుండును. శబ్దమంతయు అందే యున్నది. పాట పాడినను, తలుపు చప్పుడైనను, ఆ ధ్వని ఆ బాటమీద నలుపు తెలుపుల జాడలుగా అచ్చుపడును. ఒక చిన్న దీపపు వెలుగు ఆ జాడలగుండ పోవునప్పుడు ఎక్కువతక్కువ లగుచు, అవతలనున్న కాంతివిద్యుత్ ఘటముమీద పడును. ఆ ఘటము వెలుగులోని మార్పును విద్యుత్తులోని మార్పుగా చేయును. ఆ విద్యుత్తు బలపరుపబడి, తెరవెనుక ధ్వనిపేటికలో మరల శబ్దమై వినబడును.

అట్లయినచో, పాట పాడువారు లేకయే, వాద్యము మీటువారు లేకయే, ఆ బాటమీద కలముతో నలుపుజాడలు గీచినచో యంత్రమేమి చేయును? యంత్రమునకు విచక్షణ లేదు. గీతలు చూపినచో గీతలనే పాడును. మెక్‌లారెన్ చేసినది సరిగా ఇదియే. ఒక ఫ్రేము పొడవులో ఎన్ని గీతలు గీచిన, స్వరము అంత హెచ్చు స్థాయికి పోవును. లెక్క చూడుడు: ఫ్రేమునకు 18 గీతలు చొప్పున గీచినచో సెకనునకు 18ని 24చే హెచ్చింపగా 432 కంపనములగును. పాశ్చాత్యులు తమ వాద్యములను శ్రుతిచేసికొను 440 కంపనముల స్వరమునకు ఇది మిక్కిలి చేరువ. గీత పెద్దదైనచో నాదము బిగ్గరగాను, చిన్నదైనచో మెల్లగాను వినబడును. గీత ఆకారము మార్చినచో నాదపు గుణమే మారును. మృదువైన వంపు ఒక తీరున, కోసుగా నున్న మొన మరియొక తీరున పలుకును.

ఈ యుపాయమును మెక్‌లారెనే మొదట కనిపెట్టెననుట సత్యము కాదు. 1930 ప్రాంతమున రష్యాలో అర్సెనీ అవ్రామోవ్, అటుపిమ్మట జర్మనీలో రుడాల్ఫ్ ఫెనింగరును, పైన చెప్పిన ఫిషింగరును గీచిన ధ్వనిమీద ప్రయోగములు చేసియుండిరి. అయినను దీనిని పట్టువిడువక దశాబ్దములపాటు సాధనచేసి, ఒక వాద్యమును శిష్యుడు వశపరచుకొనునట్లు వశపరచుకొన్నవాడు మెక్‌లారెన్. మన ఆలంకారికులు కావ్యమును దృశ్యమనియు శ్రవ్యమనియు రెండు తెగలుగా విభజించిరి గదా. ఒకే చేయి, ఒకే కలము, ఒకే పట్టీమీద, నడుమ గీచినది దృశ్యము, అంచున గీచినది శ్రవ్యము. ఆ రెంటికిని జన్మస్థానమొక్కటే.

1939లో ఐరోపామీద యుద్ధమేఘములు క్రమ్ముకొనగా అతడు న్యూయార్కు చేరెను. అచ్చట జీవనోపాధి కష్టముగా నున్న దినములలో ‘డాట్స్’, ‘లూప్స్’ అను చిన్న చిత్రములను 1940లో రచించెను. పేరునకు తగినట్లు మొదటిది చుక్కలు, రెండవది చుట్టలు. బొమ్మయు శబ్దమును రెండును కలముతో గీచినవే. చుక్కయొకటి పుట్టి, ఉబ్బి, రెండై, పగులును. పగులునప్పుడెల్ల ‘టక్కు’మను చిన్న నాదము వినబడును. చూచువాడు చుక్క పలికెననియే నమ్మును. ఒక్క నిమిషపు చిత్రమునకు 1440 ఫ్రేములు. ఒక్కొక్కటియు అంగుళమునకు లోపైన వెడల్పు గలది. ఆ యంగుళములో చుక్క స్థానము వెండ్రుకవాసి తప్పినను తెరమీద వణుకు పుట్టును. ఇంతటి నియమము గలదానిని ఆటయందుమా? అందుము. అష్టావధానియు ఆటయే ఆడుచున్నాడు గదా!

1941లో గ్రియర్సన్ అతనిని కెనడాకు పిలిచెను. ఆ దేశపు ప్రభుత్వము 1939లో జాతీయ ఫిల్ముసంస్థను స్థాపించి గ్రియర్సనును దాని యధ్యక్షుని చేసియుండెను. మెక్‌లారెన్ ఆ సంస్థలో చేరి, తన శేషజీవితములోని కృషినంతయు అందే గడపెను. మొదట యుద్ధకాలపు పనులు వచ్చినవి. ప్రజలు పొదుపుపత్రములు కొనవలెనని చెప్పుటకు అతడు ఉపన్యాసమును తెరకెక్కింపలేదు. 1942లో ‘హెన్ హాప్’ అను చిత్రమున ఒక కోడిపెట్టచేత నాట్యము చేయించెను! ప్రజలు నవ్వుచు చూచి, చెప్పినమాట జ్ఞాపకముంచుకొనిరి.

1949లో ఎవెలిన్ లాంబార్టు అను సహచరితో కలిసి ‘బిగాన్ డల్ కేర్’ అను చిత్రమును రచించెను. ఆస్కార్ పీటర్సన్ అను నీగ్రో జాతీయుడగు పియానో విద్వాంసుని జాజ్ సంగీతమునకు, ఫ్రేముల హద్దులనే లెక్కచేయక, పట్టీ పొడవునను రంగులు పూసియు గీకియు చేసిన వర్ణతాండవమది. లాంబార్టును గూర్చి ఒక మాట చెప్పక తప్పదు. ఆమెకు చిన్ననాటినుండియు వినికిడి తక్కువ. అట్టి స్త్రీ సంగీతమును కంటికి కట్టించు ఈ విద్యలో అగ్రస్థానమున నిలిచినది. స్త్రీలకును, అంగవైకల్యము గలవారికిని ‘ఇది మీకు తగదు’ అని ముందే గిరిగీచు మన పెద్దలు ఈ సంగతిని తలపోయవలెను.

ఆ 1949వ సంవత్సరముననే యునెస్కో సంస్థవారు అతనిని చైనాకు పంపిరి. సేచ్వాన్ రాష్ట్రమునందలి బెయ్‌బెయ్ అను ఊరిలో ఆరోగ్యవిషయములను పల్లెప్రజలకు బొమ్మలతో తెలియజెప్పు పని జరుగుచుండెను. చదువురాని రైతునకు టీకాల యావశ్యకమును వ్యాసముతో బోధింపలేము, బొమ్మతో బోధింపవచ్చును. అచ్చటి చిత్రకారులకు అతడు నేర్పినవాటిలో గ్లాస్గోలో తాను లేమిచే కనిపెట్టుకొన్న ఆ పద్ధతియే, కెమేరా లేకుండ ఫిల్ముమీద నేరుగా గీచుటయు, ఒకటి. విద్యార్థిదశలోని వినోదము పేదదేశపు పల్లెకు పనిముట్టైనది! అతడచ్చట నుండగనే చైనాలో ప్రభుత్వము మారినది. తరువాత యునెస్కో పక్షముననే అతడు మన భారతదేశమునకును వచ్చి ఈ విద్యను బోధించెను.

చైనానుండి తిరిగివచ్చిన కొలది కాలమునకే, 1950 జూనులో, కొరియా యుద్ధము ప్రారంభమైనది. తాను ఏ ప్రజలనడుమ బ్రతికి ప్రేమించి వచ్చెనో ఆ ప్రజలును, తాను ఏ లోకమునకు చెందినవాడో ఆ లోకమును, ఎదురెదురుగా నిలిచి చంపుకొనుచున్నవి. ఈ వేదననుండి 1952లో ‘నైబర్స్’, అనగా ‘ఇరుగుపొరుగు’, అను ఎనిమిది నిమిషముల చిత్రము పుట్టినది.

కథ చిన్నది. ఇద్దరు పొరుగువారు తమ యిండ్లముందు కుర్చీలలో కూర్చుండి వార్తాపత్రికలు చదువుకొనుచుందురు. ఇరువురి నేలల నడుమ ఒక పువ్వు మొలచును. ఇరువురును దాని వాసనకు పరవశులగుదురు. తరువాత, ఆ పువ్వు నాది యనగా నాది యని వాదము. గీత గీయుదురు, దడి కట్టుదురు, కొట్టుకొందురు. ముఖములు క్రమముగా రాక్షసముఖములగును. కాళ్లక్రింద పువ్వు నలిగిపోవును. ఒకరి ఇల్లు ఒకరు కూల్చి, ఒకరి భార్యాబిడ్డలను ఒకరు చంపి, తుదకు ఇరువురును చత్తురు. రెండు సమాధులు లేచును. ఒక్కొక్క దానిమీద ఒక్కొక్క పువ్వు. పిదప పొరుగువానిని ప్రేమింపుమను వాక్యము పెక్కుభాషలలో తెరమీద కనబడును.

ఇందు నటించినవారు నిజమైన మనుష్యులే. కాని అతడు వారిని బొమ్మలను కదలించునట్లు కదలించి, స్థితికొక ఫ్రేము చొప్పున ఛాయ తీసెను. కావున వారు నడువక నేలమీద జారుదురు, గాలిలో తేలుదురు. శబ్దమో, వాద్యములు లేని గీతల శబ్దమే. ఈపాటికి అతడు గీతల వరుసలను అట్టముక్కలమీద స్వరమునకొకటిగా సిద్ధపరచి, కావలసిన అట్టను ఛాయ తీసి స్వరము కూర్చు పద్ధతిని స్థిరపరచుకొనియుండెను. మనుష్యులు యంత్రములవలె కదలుచుండగా, ఆ కరకరలాడు నాదము వారి క్రోధమునకు సరియైన భాషయైనది. నిజమైన వయొలినుతో ఇట్టి ఫలము కలుగదు. చుక్కలతోను చుట్టలతోను ఆడినవానికే ఈ నీతికథ ఇంత బలముతో చెప్పు శక్తి కలిగినది. నా వ్యాసమునకు ప్రాణమైన మాట ఇదియే.

ఈ చిత్రమునకు 1953లో అమెరికాలో ఆస్కార్ బహుమానము వచ్చినది. అది చిన్న వాస్తవచిత్రములకిచ్చు బహుమానమగుట వింత. కాని యుద్ధముకంటె వాస్తవమేమున్నది? గౌరవముతోపాటు ఒక అవమానమును కలిగినది. భార్యాబిడ్డలను చంపు ఘట్టము మిక్కిలి ఘోరముగా నున్నదని, దానిని తొలగింపవలెనని పంపిణీదారులు కోరిరి. మెక్‌లారెన్ తొలగించెను. చూచువారికి పురుషులిద్దరు చచ్చుట సహ్యమే. స్త్రీశిశువుల మరణము అసహ్యము. కాని యుద్ధములో చచ్చువారు పురుషులు మాత్రమేనా? వియత్నాము యుద్ధకాలమున లోకుల మనస్సు మారి, ఆ ఘట్టము మరల చేర్పబడినది. అప్పటికి దాని మూలప్రతి నశించియుండగా, ప్రదర్శనకు వాడిన ప్రతినుండి దానిని గ్రహింపవలసివచ్చెను. సత్యమును ఒకసారి కోసివేసినచో, తిరిగి అతికించునప్పటికి మచ్చ మిగులక మానదు. మన సంస్కరణోద్యమములకును ఇది పాఠమే. పెద్దలు నొచ్చుకొందురని వితంతువుల దుఃఖమును, అంటరానివారి బాధను మన కథలనుండి తొలగించి వ్రాసిన దినములు లేకపోలేదు.

అతని తరువాతి కృతులలో మూడింటిని పేర్కొందును. 1955 నాటి ‘బ్లింకిటీ బ్లాంక్’ నల్లని ఫిల్ముమీద సూదిమొనతో గీకి చేసినది. అందు పెక్కు ఫ్రేములు శూన్యములు. మెరసి మాయమైన బొమ్మను కన్ను తానే నిలుపుకొని కలుపుకొనును. దానికి కాన్ నగరపు చలనచిత్రోత్సవమున చిన్నచిత్రములలో ప్రథమ బహుమానము లభించెను. 1957లో క్లోడ్ జుత్రాతో కలిసి ‘ఎ చెయిరీ టేల్’ రచించెను. ఒకడు కుర్చీలో కూర్చుండబోవును, కుర్చీ ఒప్పుకొనదు. పరుగులు, పెనుగులాటలు, బుజ్జగింపులు. తుదకు అతడు తనమీద కుర్చీని కూర్చుండనిచ్చిన పిదప గాని అది లోబడదు. సేవచేయుదానికిని అభిమానముండునని చెప్పు ఈ కథకు సంగీతము కూర్చినవారు మన పండిత రవిశంకరుగారు, తబలా చతుర్‌లాలుగారు. 1971 నాటి ‘సింక్రోమీ’లో అంచుబాటనున్న శబ్దపుగీతలనే తెర నడుమకు తెచ్చి రంగులద్దెను. అందు మనము చూచునదియే వినుచున్నాము, వినునదియే చూచుచున్నాము. నలువదేండ్ల సాధనకు అది ఫలశ్రుతి.

మెక్‌లారెన్ 1987 జనవరి 27న కెనడాలో దివంగతుడయ్యెను. తన చిత్రములన్నియు నశించి ఒక్కటి మాత్రమే మిగులవలసివచ్చినచో ‘నైబర్స్’ మిగులవలెనని అతడు చెప్పుకొనెను. 2009లో యునెస్కోవారు ఆ చిత్రమును ప్రపంచస్మృతి పట్టికలో చేర్చిరి. అతని కోరిక ఒకవిధముగా నెరవేరినట్లే.

ఇక మొదటి ప్రశ్నకు వత్తము. కళవలన మేలేమి? మెక్‌లారెన్ చివరకు మిగులవలెనని కోరినది నీతిగల చిత్రమే గదా, కావున వట్టి ఆటలు వ్యర్థములే యని కొందరనవచ్చును. అట్లనుట చెట్టు పండునకే గాని వేళ్లకు నీరు పోయననుటవంటిది. ఇరువది సంవత్సరములు అతనిని ‘దీనివలన ఏమి ప్రయోజన’మని ఎవరును గద్దింపక, ఒక తపాలాశాఖయు, ఒక ప్రభుత్వసంస్థయు జీతమిచ్చి ఆడుకొననిచ్చినవి గనుకనే, లోకమునకు చెప్పవలసిన మాట వచ్చిననాడు దానిని చెప్పు సాధనము అతని చేతిలో సిద్ధముగా నుండెను. సంకల్పము మాత్రమే యుండి సాధనము లేనివాని నీతి ఉపన్యాసమగును, జనులు ఆవులింతురు. సాధనము మాత్రమే యుండి సంకల్పము లేనివాని విద్య గారడి యగును. ఈ రెండును ఒకచోట కూడుట అరుదు. కూడవలెనన్నచో సంకల్పమునకు ముందుగా సాధనము, సాధనమునకు ముందుగా ఆట యుండవలెను.

తలిదండ్రులారా, మీ యింట పిల్లవాడు పుస్తకపు మూలలందు బొమ్మలు గీచుచున్నచో వెంటనే కసరుకొనకుడు; ఒక్క నిమిషము ప్రక్కన కూర్చుండి పుటలు విడువుమని అడిగి చూడుడు. నేను మాత్రము నాడు లాగుకొన్న నోటుపుస్తకమును ఆలస్యముగనైనను ఆ బాలునికి తిరిగి ఇచ్చివేసితిని. ఇచ్చుటకు ముందు పుటలను బొటనవ్రేలితో నేనే విడిచి చూచితిని. ఆ చిన్న మనుష్యుడు పరుగెత్తి పరుగెత్తి, నేను పుస్తకము లాగుకొన్న పుటయొద్ద ఒంటికాలిమీద ఆగిపోయియున్నాడు. తరువాతి పుటలన్నియు తెల్లగానే యున్నవి.